గోచరము: తెలుగు నేలపై మేతబయళ్ల చరిత్ర

సంస్కృతంలో 'గోచరము' అనే మాటకు మొదటి అర్థం ఆవులు తిరిగే చోటు. పశువులు స్వేచ్ఛగా మేయుచు తిరుగగలిగినంత మేర గోచరము. కాలక్రమాన ఆ మాట మనుష్యుని ఇంద్రియాలకు అన్వయమైనది. కంటికి అందినంత మేర, బుద్ధికి అందినంత మేర గోచరమన్నారు, అందనిది అగోచరమన్నారు. తెలుగులో ఈ రెండవ అర్థమే నిలిచినది. ఏదైనా కనబడినప్పుడు 'గోచరించినది' అనే తెలుగువాడికి ఆ మాటలో ఆవు ఉన్నదనే స్మరణ ఉండదు. హిందీ ప్రాంతాలలో మాత్రం మొదటి అర్థం చెక్కుచెదరలేదు. పశువుల మేతకు విడిచిన గ్రామపు ఉమ్మడి భూమిని అక్కడ నేటికీ 'గోచర్' అనే వ్యవహరిస్తారు.

ఇటువంటి మాట ఇది ఒక్కటే కాదు. పండితులు కూడి మాట్లాడుకొనే 'గోష్ఠి' ఆవుల దొడ్డియైన గోష్ఠము నుండి పుట్టినది. పరిశోధనకు పర్యాయమైన 'గవేషణ'కు మూలార్థం తప్పిపోయిన ఆవును వెదకుట. వంశాన్ని తెలిపే 'గోత్రము' సైతం ఒకప్పుడు ఆలమందకు రక్షణ నిచ్చిన తావు. చూపు, విచారము, సంభాషణ, వంశము అనే ఇన్ని భావాలకు ఆలమంద పేర్లు ఇచ్చినదంటే, ఆ మంద మేసిన నేల మన నాగరకతలో ఎంతటి స్థానం ఆక్రమించినదో ఊహింపవచ్చు. భాష దాచుకొన్న ఈ సంగతిని భూమి లెక్కలు మాత్రం మరచిపోయినవి.

ఛత్తీస్‌గఢ్‌లో రాయపూర్, దుర్గ్ నగరాల నడుమ ఉన్న కుమ్హారి ప్రాంతాన్ని ఉదాహరణగా తీసుకొనవచ్చు. 1959లో భిలాయి ఉక్కు కొలిమి వెలిగినది మొదలు ఆ సీమ రూపురేఖలు మారిపోయినవి. బ్రతుకు తెరువు కొరకు వచ్చిన తెలుగు కుటుంబాలు ఎన్నో అక్కడ స్థిరపడినవి. అదే సంవత్సరం మధ్యప్రదేశ్ శాసనసభ చేసిన భూమి రెవిన్యూ స్మృతి, ఛత్తీస్‌గఢ్ వేరు రాష్ట్రమైన తరువాత కూడ అక్కడ అమలులో ఉన్నది. దాని ప్రకారం ప్రతి గ్రామానికి 'నిస్తార్ పత్రక్' అనే లిఖితం ఉండవలెను. ఊరివారి పశువులు ఎక్కడ మేయవచ్చును, వంటచెరకు ఎక్కడ ఏరుకొనవచ్చును, మట్టి ఎక్కడ త్రవ్వుకొనవచ్చును అనే వివరాలు అందులో నమోదు కావలెను. ఉమ్మడి నేలపై ఊరికి గల హక్కు అక్కడ కనీసం కాగితం మీదనైనా పేరు పెట్టి వ్రాయబడినది.

తెలుగునాట కూడ ఇటువంటి పేర్లకు కొదువ లేదు. మంద నిలిచే చోటు మందబయలు. పసరముల మేతకు విడిచినది మేత పోరంబోకు. తెలంగాణంలో గడ్డి పెరుగుటకై కాపాడిన నేల కంచ. ఊరి పశువులు మేసే నేల గైరాను. కాని వ్యవహారంలో ఈ పేర్లన్నింటినీ ఒక్క మాట కప్పివేసినది. ఆ మాట 'బంజరు'. హిందీలో 'బంజర్' అంటే ఏమీ పండని గొడ్డు నేల అని అర్థం. సాగులో లేని ప్రతి భూమిని ఆ పేరుతో పిలుచుట అలవాటైన తరువాత, ఆ నేలపై ఏమియు లేదనీ, ఎన్నడూ ఏమియు జరుగలేదనీ ఒక నమ్మకం ఏర్పడినది. ఈ నమ్మకం చరిత్రకు విరుద్ధమైనది. దక్షిణాపథంలో మనుష్యుడు తన చేతులతో నిర్మించి మిగిల్చిన అతి ప్రాచీనమైన దిబ్బలు ఈ మేతసీమలోనే ఉన్నవి.

బళ్లారి, రాయచూరు, యాదగిరి, అనంతపురం, పూర్వపు మహబూబ్‌నగర్ జిల్లాలలో బూడిద దిబ్బలు అనేకం కలవు. వీనిలో కొన్ని పెద్ద గుట్టల వలె దూరము నుండి కూడ కనిపిస్తవి. త్రవ్వినచో లోపల తెల్లని మెత్తని బూడిద పొరలు, వాని నడుమ కరగి గాజువలె గట్టిపడిన కిట్టము కనబడును. ఈ దిబ్బలెట్లు పుట్టినవి? బళ్లారి సమీపాన కుప్పగల్లు వద్ద నున్న దిబ్బ ఒక రాక్షసుని దహించిన బూడిద అని జనశ్రుతి. హంపీ చెంత నింబాపురంలోని దిబ్బను వాలి దహనభూమిగా చూపుతారు. ఇంత బూడిద కావలెనంటే దహింపబడిన దేహము సామాన్యమైనది కారాదని ప్రజల తర్కం.

పండితుల తర్కం కూడ చాలకాలం ఇంతకంటె ముందుకు పోలేదు. 1836లో న్యూబోల్డు ఈ కిట్టాన్ని గూర్చి వ్రాయుచు అగ్నిపర్వతముల ప్రసక్తి తెచ్చినాడు. కొందరు ఇవి ఇనుము కరగించిన కొలిముల శేషాలన్నారు. మరికొందరు మధ్యయుగపు సామూహిక దహనాల గుర్తులని ఊహించినారు. 19వ శతాబ్ది చివరి భాగంలో భూగర్భశాస్త్రజ్ఞుడు రాబర్ట్ బ్రూస్ ఫుట్ మాత్రం దిబ్బల చుట్టుప్రక్కల దొరికిన రాతి గొడ్డళ్లను, కుండ పెంకులను గమనించి, ఇవి నవీన శిలాయుగపు పశుపాలకుల దొడ్లలో పేరుకొన్న పేడను కాల్చగా ఏర్పడినవని నిర్ణయించినాడు. ఆ నిర్ణయం వెంటనే అంగీకారం పొందలేదు. 1960 ప్రాంతంలో లండనులో జాయ్‌నర్ జరిపిన రసాయన పరీక్షలు ఆ బూడిద పేడ బూడిదయేనని స్థాపించినవి.

అంతకు కొంచెము ముందు, 1957లో, రేమండ్ ఆల్చిన్ మహబూబ్‌నగర్ జిల్లాలోని ఉట్నూరు దిబ్బను త్రవ్వినాడు. ఇది ఆదిలాబాదు అడవులలోని ఉట్నూరు కాదు. కృష్ణా పరీవాహక ప్రాంతంలోని మరొక గ్రామం. ఆ త్రవ్వకంలో బయటపడినది నిధి కాదు, విగ్రహం కాదు. వరుసగా పాతిన కొయ్య స్తంభాల గుంటలు, వాని మధ్య విశాలమైన దొడ్డి, దొడ్డి నేలపై గట్టిపడిన పొరలో పశువుల గిట్టల ముద్రలు. దొడ్డి కొన్నాళ్లు వాడుకలో ఉండి, పేడ పేరుకొని, ఒకనాడు దగ్ధమై, మరల దానిపైననే క్రొత్త కంచెతో దొడ్డి లేచినది. ఇట్లు అనేక పర్యాయములు జరిగినది. ఈ దొడ్డి కాలం క్రీస్తుకు పూర్వం మూడవ సహస్రాబ్ది. నాలుగువేల ఏండ్లకు పైబడిన ఆ గిట్టల ముద్రలు దక్షిణ దేశపు పశుపాలనకు సాక్ష్యం పలుకుచున్నవి. ఏ రాజశాసనము ఇంతటి ప్రాచీనత కలది కాదు.

పేడను ఎందుకు కాల్చినారు? తెగుళ్ల నివారణకో, దొడ్డిని శుభ్రము చేయుటకో కావచ్చునని ఒక పక్షం. 1963లో వెలువడిన తన గ్రంథంలో ఆల్చిన్ మరొక సూచన చేసినాడు. ఋతువు మారునప్పుడు మందలు ఒకచోట చేరి, మంట వేసి, పశువులను దాని చెంత నడిపించే ఉత్సవాలు నేటికీ దేశంలో ఉన్నవి. ఆ మంటల పూర్వరూపమే ఈ దిబ్బలు కావచ్చునని అతని ఊహ. భోగినాడు పిడకల దండలు మంటలో వేసే తెలుగువారికి ఈ ఊహ వింతగా తోచదు. ఊహ ఊహయే యైనను, ఒక సంగతి స్పష్టం. పేడ ఎరువుగా, వంటచెరకుగా ఎంత విలువైనదో తెలిసిన జనం దానిని రాశిపోసి, కాల్చి, తరతరాలుగా ఒకేచోట గుట్టగా పెంచినారంటే, అది కేవలం చెత్తకుప్ప కాదు. సంవత్సరానికొకమారు తిరిగి వచ్చి కలిసికొనే మందల వారికి అది గురుతు.

అనంతపురం జిల్లా పాలవాయిలో వి. రామిరెడ్డి జరిపిన పరిశోధన, యాదగిరి ప్రాంతంలోని బూదిహాళలో 1990వ దశకంలో కాట్రగడ్డ పద్దయ్య జరిపించిన త్రవ్వకాలు ఈ చిత్రాన్ని పూర్తి చేసినవి. బూదిహాళలో దొడ్డి ప్రక్కనే నివాసాలు, రాతి పనిముట్లు చేసిన తావు, పశువులను కోసి పంచుకొన్న నేల బయల్పడినవి. ఆ యుగపు ఇతర గ్రామాలలో దొరికిన మాడిన గింజలను పరీక్షింపగా అండుకొర్రల వంటి చిరుధాన్యాలు, పెసలు, ఉలవలు కనబడినవి. మెట్టసీమ రైతు నేటికీ తినే తిండి ఇది. ఈ గడ్డి నేల ఆనాడే సేద్యానికి, మేతకు చోటిచ్చి జనాన్ని పోషించినది. 'ఏమియు పండనిది' అనే మాట దానికి ఆనాడు చెల్లదు.

చరిత్రకాలంలోనికి వచ్చినప్పుడు మేతభూమికి శాస్త్రకారులు విధించిన నియమాలు గోచరిస్తవి. ఊరి చుట్టు నూరు ధనువుల మేర, లేదా మూడు మారులు కర్ర విసరినంత దూరము, పశువుల కొరకు విడువవలెననీ, నగరమైనచో దానికి మూడింతలు విడువవలెననీ మనుస్మృతి శాసించినది. ఆ మేర చెంత కంచె లేని పొలంలో పశువు మేసినచో కాపరిని దండింపరాదన్నది. కంచె ఎంత ఎత్తు ఉండవలెను? ఒంటె తల యెత్తి చూచినను లోపలి పైరు కనబడనంత. పొలానికి కంచె వేసికొను బాధ్యత రైతుదే గాని, బయలులో తిరిగే పశువుకు కంచె లేదన్నమాట. కౌటిల్యుడు సేద్యానికి పనికిరాని నేలను మేతకు కేటాయింపుమన్నాడు. దానిపై అధ్యక్షుని నియమించి, దొంగల నుండి, క్రూరమృగాల నుండి దారులను కాపాడుమన్నాడు. నీరు లేనిచోట బావులు త్రవ్వింపుమన్నాడు. ఎవరికీ చెందని నేలకు ఏ రాజ్యము అధ్యక్షుని నియమింపదు.

నియమాలున్నచోట వివాదాలు కూడ ఉండును. మహాభారతంలో దక్షిణ, ఉత్తర గోగ్రహణాల కథ తెలుగువారికి తిక్కన వలన చిరపరిచితం. కాని తెలుగు నేలపైననే పుట్టి, ఆ నేల గడ్డి కొరకే జరిగిన యుద్ధం మరొకటి ఉన్నది. అది కాటమరాజు కథ. యాదవ వీరుడైన కాటమరాజు కరవు కారణంగా తన అపారమైన ఆలమందలతో దక్షిణానికి తరలి, నెల్లూరు పాలకుడైన నల్లసిద్ధి ఏలుబడిలోని బీళ్లలో ప్రవేశించినాడు. ఇద్దరి నడుమ ఒప్పందం కుదిరినది. గడ్డి రాజుది, దానిని మేసినందుకు మందలో పుట్టిన మగదూడలు రాజుకు చెల్లును. వానలు లేక గడ్డి ఎండినప్పుడు ఆ ఒప్పందం కూడ ఎండినది. మందలు పైరులపై బడినవి. రాజు పుల్లరి అడిగినాడు, గొల్లలు నిరాకరించినారు. 13వ శతాబ్దిలో ఎఱ్ఱగడ్డపాడు వద్ద జరిగిన ఆ పోరులో నల్లసిద్ధి పక్షాన ఖడ్గతిక్కన ప్రాణం విడిచినాడని ప్రసిద్ధి. కొమ్మువారు పాడిన ఈ గాథాచక్రాన్ని తంగిరాల వెంకట సుబ్బారావు సేకరించి, పరిష్కరించి 'కాటమరాజు కథలు'గా వెలువరించినారు.

ఈ కథలో గమనింపవలసిన మాట 'పుల్లరి'. పుల్లు అనగా గడ్డి. అరి అనగా పన్ను. గడ్డికి పన్ను ఉన్నదంటే గడ్డికి విలువ ఉన్నది, దానిని మేపుకొనువాడికి స్థానం ఉన్నది. కాటమరాజు, నల్లసిద్ధి శత్రువులే అయినను ఒక విషయంలో ఏకీభవించినారు. ఆ బయలు వట్టిది కాదు. వట్టిదానికై ఇరుపక్షాల వీరులు ప్రాణాలర్పింపరు. ఎం.ఎల్.కె. మూర్తి, సొంథైమర్ అనే పరిశోధకులు 1980 ప్రాంతంలో గొల్ల, కురుమ వర్గాల గాథలను, ఆరాధనలను పరిశీలించి, బూడిద దిబ్బల నాటి పశుపాలన జీవితానికి, ఈ గాథలకు గల సామ్యాలను ఎత్తిచూపినారు. దిబ్బకు, గాథకు మధ్య మూడువేల ఏండ్లకు పైగా వ్యవధి ఉన్నది. అయినను రెండింటిలోను ఉన్న జీవనవిధానం ఒక్కటే: వాన వెంట గడ్డి, గడ్డి వెంట మంద, మంద వెంట మనిషి.

ఆంగ్లేయుల పాలనలో ఈ క్రమం చెడినది. భూమిశిస్తుయే రాజ్యానికి ప్రాణమైనప్పుడు శిస్తు ఈయని నేల వ్యర్థమైన నేలగా తోచినది. 1861లో కానింగ్ ప్రభుత్వం బంజరు భూముల విక్రయానికి నియమాలు చేసినది. 1882లో మద్రాసు అటవీ శాసనం వచ్చినది. అనాదిగా మందలు మేసిన కొండవాలులు, పొదల బీళ్లు రిజర్వు అడవులలో చేరినవి. పూర్వపు పుల్లరి ఇప్పుడు సర్కారు పుల్లరిగా మారినది. పూర్వం రాజుకు, కాపరికి మధ్య బేరసారాలకు చోటుండేది. ఇప్పుడు తలకింత అని రుసుము, అది చెల్లింపనిచో బందెలదొడ్డి, జరిమానా.

పలనాటి ప్రజలు దీనిని సహింపలేదు. 1921లో సహాయ నిరాకరణోద్యమం దేశమంతట వ్యాపించినప్పుడు మాచర్ల పరిసర గ్రామాల రైతులు, కాపరులు పుల్లరి కట్టక పశువులను అడవికి తోలినారు. అక్కడి పరిస్థితులను విచారింపబోయిన ఉన్నవ లక్ష్మీనారాయణ నిర్బంధితులైనారు. ఆ కారాగారవాసంలోనే ఆయన 'మాలపల్లి' నవలను రచించినారు. 1922 ఫిబ్రవరిలో మించాలపాడులో పోలీసుల తుపాకులకు కన్నెగంటి హనుమంతు బలియైనాడు. మన స్వాతంత్ర్యోద్యమ చరిత్రలలో ఉప్పుకు దక్కిన గౌరవం గడ్డికి దక్కలేదు. కాని పశువును నమ్ముకొన్నవానికి గడ్డి ఉప్పుకంటె తక్కువైనది కాదు. దండి యాత్రకు ఎనిమిదేండ్ల ముందే ఒక తెలుగు రైతు గడ్డిపై పన్నును ధిక్కరించి ప్రాణమిచ్చినాడు.

స్వాతంత్ర్యం వచ్చిన తరువాత పుల్లరి సమస్య సడలినది గాని, బయలు మిగులలేదు. భూమి లేని పేదకు భూమి పంచవలెననుట న్యాయమైన కోరిక. పెద్ద కమతాలను విభజించుట కష్టమైనచోట, పంచుటకు సులభంగా దొరికినది ఊరి ఉమ్మడి బయలు. పట్టా పుచ్చుకొన్న పేదకు మేలు కొంత జరిగినది. గొఱ్ఱెలు కాచుకొను మరొక పేదకు మాత్రం అదే పట్టా మేతను దూరం చేసినది. కాల్వలు వచ్చినచోట నేల సేద్యంలోనికి పోయినది. మిగిలిన బయళ్లలో వనమహోత్సవాల పేర నీలగిరి చెట్లు, తుమ్మలు నాటినారు. చెట్టు లేని నేల పాడుబడిన నేల అనే భావం విద్యావంతులలో సైతం వేళ్లూనినది. హైదరాబాదులోని జాతీయ సుదూర గ్రహణ సంస్థ 2000 నుండి వెలువరించిన బంజరు భూముల పటాలలో పొదలతో, గడ్డితో నిండిన మెట్టబయళ్లు అనేకం ఆ శీర్షిక క్రిందనే చేరినవి. ఆకాశం నుండి తీసిన చిత్రానికి గడ్డి కనబడును. గిట్టల ముద్రలు కనబడవు.

ఆ బయళ్లలో ఏమున్నదో తెలుసుకొనుటకు కర్నూలు సీమలోని రోళ్లపాడు చూడవలెను. ఇప్పుడది నంద్యాల జిల్లాలో చేరినది. నందికొట్కూరుకు సమీపాన ఎఱ్ఱ నేల, నల్లరేగడి కలిసిన ఈ బయలులో బట్టమేక పిట్ట నివసించుచున్నదని తెలిసినప్పుడు పక్షిశాస్త్రజ్ఞుల దృష్టి దానిపై పడినది. 1980వ దశకంలో బొంబాయి ప్రకృతి చరిత్ర సంఘం పరిశోధకులు అక్కడ మకాం వేసి పరిశీలించినారు. 1988లో ప్రభుత్వం 614 హెక్టార్ల నేలను అభయారణ్యంగా ప్రకటించినది. అరణ్యమనే పేరేగాని అక్కడ చెట్లు స్వల్పం. మోకాలెత్తు గడ్డి, దానిపై వంగిన ఆకాశం.

బట్టమేక పిట్ట మీటరు ఎత్తు నిలిచే పక్షి. మగపిట్ట పదిహేను కిలోల వరకు తూగును. ఎగురగల పక్షులలో ఇంతటి భారం కలవి అరుదు. వానకాలంలో మగపిట్ట ఒక మిట్టపై నిలిచి, మెడ క్రింది సంచిని ఉబ్బించి, గంభీరమైన ధ్వని చేయును. ఆ ధ్వని చాలదూరం వినిపించును. ఆడపిట్ట నేలపైననే సాధారణంగా ఒక్క గ్రుడ్డు పెట్టి దాదాపు నాలుగు వారాలు పొదుగును. మిడుతలు, పేడపురుగులు, బల్లులు, గింజలు దీని ఆహారం. ఇదే బయలులో కృష్ణజింకలు, తోడేళ్లు, నక్కలు, వానకాలంలో వచ్చు నేలనెమళ్లు, శీతకాలంలో మధ్య ఆసియా నుండి వచ్చి గడ్డిలో రాత్రి గడుపు పిల్లిగద్దలు ఉండెడివి. బంజరని పిలిచిన నేలపై ఇంత సంసారం సాగినది.

రక్షణ లభించిన తరువాత జరిగినది విచారింపదగినది. కంచె లోపల కృష్ణజింకలు వృద్ధి పొందినవి, బట్టమేకలు క్షీణించినవి. 1990వ దశకం నుండి వాని సంఖ్య తగ్గుచు వచ్చి, ఇటీవలి సంవత్సరాలలో అక్కడ ఆ పిట్ట కనబడుటయే అరుదైనది. కారణాలు ఒకటి రెండు కావు. పిట్ట 614 హెక్టార్ల సరిహద్దును ఎరుగదు. అది చుట్టునున్న మేతబీళ్లపై, మెట్టపైరులపై ఆధారపడి జీవించినది. ఆ బీళ్లు దున్నబడినవి. జొన్న, కొర్ర వంటి పైరుల స్థానంలో క్రొత్త పైరులు, పురుగుమందులు వచ్చినవి. దేశమంతట విద్యుత్తు తీగెలు ఈ పక్షికి మృత్యుపాశాలైనవి. ముందు చూపు మందమైన బరువు పక్షి తీగెను తప్పించుకొనలేదు. మరొక వంక పెరిగిన జింకల మందలు చుట్టుప్రక్కల పైరులను మేసినవి. నష్టపోయిన రైతుకు అభయారణ్యమే శత్రువుగా కనబడినది.

ఇందులో ఒక సూక్ష్మం ఉన్నది. మగపిట్ట తన నాట్యానికి పొట్టి గడ్డి గల బయలును ఎన్నుకొనును, ఆడపిట్టకు కనబడవలెను గనుక. ఆడపిట్ట గ్రుడ్డు పెట్టుటకు కొంత ఎత్తైన గడ్డిని కోరును, శత్రువుకు కనబడరాదు గనుక. పిల్లలకు నీడ, పురుగు రెండును కావలెను. మేసిన గడ్డి, మేయని గడ్డి ప్రక్కప్రక్కనే ఉన్న నేల దీనికి అనుకూలం. అటువంటి నేలను తయారు చేసినది ఎవరు? వాన ననుసరించి తిరిగి, ఒక బీడును మేపి మరొకదానికి విశ్రాంతి నిచ్చిన మందలు. గొఱ్ఱెలు మితిమీరినచో గ్రుడ్లు నలిగిపోవును. మంద పూర్తిగా లేకున్నచో గడ్డి దట్టమై పొదలెక్కును. పిట్టకు, మందకు మధ్య వేల ఏండ్ల పరిచయమున్నది. కంచె వేసినవారు మంద వలని హానిని గుర్తించినారు గాని, మంద వలని మేలును లెక్కించినది తక్కువ.

ఉమ్మడి మేతభూమి, వన్యజీవులు, ప్రాచీన దిబ్బలు మూడును కలిసి నిలువగలవని నిరూపించిన చోట్లు లోకంలో ఉన్నవి. ఇంగ్లండులోని గ్లోస్టర్‌షైర్‌లో మించిన్‌హాంప్టన్ అనే ఊరి ఉమ్మడి బయలు అట్టిది. పార్లమెంటు శాసనాలతో ఆ దేశంలో ఉమ్మడి భూములు చాలవరకు కంచెలలోనికి పోయినవి. ఇది మిగిలినది. 1913 నుండి నేషనల్ ట్రస్టు ఆధీనంలో ఉన్న ఆ బయలుపై ఇనుపయుగం నాటి మట్టి కట్టలు, కందకాలు కలవు. ప్రతి సంవత్సరం మే నెలలో ఊరివారి పశువులను దానిపై విడుతురు. పశువులు మేయుట వలననే అరుదైన పూల మొక్కలు పొదల క్రింద పడి నశింపక నిలిచినవి. నాగలి తగలనందుననే మట్టి కట్టలు నిలిచినవి. మేత ఆగినచో పూలు పోవును. దుక్కి మొదలైనచో చరిత్ర పోవును.

మన బూడిద దిబ్బల గతి ఇందుకు భిన్నంగా ఉన్నది. ఆ బూడిద పొలాలకు మంచి ఎరువని రైతులు బండ్లతో తోలుకొనిపోయినారు. బాటలకు, ఇండ్లకు మట్టి కావలసినవారు త్రవ్వుకొనిపోయినారు. నాటి ఆవులు కూడబెట్టిన సారం నేటి పైరుకు పనికివచ్చుట తప్పని చెప్పుట కష్టం. కాని ఒకమారు తరలిన దిబ్బ మరల రాదు. పుస్తకంలోని పుటలు చింపి పొయ్యిలో వేసినచో అన్నం ఉడుకును, పుస్తకం మిగులదు.

న్యాయస్థానాలు, లోకసంస్థలు ఇటీవల ఈ విషయంలో కొంత మేల్కొన్నవి. 2011 జనవరిలో జగ్పాల్ సింగ్ వ్యాజ్యంలో భారత సర్వోన్నత న్యాయస్థానం, గ్రామ ఉమ్మడి భూములపై ఆక్రమణలు తొలగించి వానిని ఊరికి తిరిగి అప్పగింపవలెనని రాష్ట్రాలను ఆదేశించినది. 2026ను మేతభూముల, పశుపాలకుల సంవత్సరంగా ఐక్యరాజ్యసమితి ప్రకటించినది. తీర్పులు, ప్రకటనలు మంచివే. అవి గ్రామంలోని అడంగలు వరకు చేరవలెను. అక్కడ 'బంజరు' అని వ్రాసిన గడిలో మందబయలని, కంచ అని, గైరాను అని దాని నిజమైన పేరు వ్రాయవలెను. ఎవరి పశువులు అక్కడ ఎప్పుడు మేయును, ఏ పక్షి ఏ మాసంలో గ్రుడ్డు పెట్టును, ఏ దిబ్బను త్రవ్వరాదు అనేవి ఆ ఊరి కాపరులనే అడిగి నమోదు చేయవలెను. ఛత్తీస్‌గఢ్ గ్రామాల నిస్తార్ పత్రక్ అటువంటి లిఖితానికి ఒక నమూనా కాగలదు. అందులో పశువుకు, పుల్లకు చోటున్నది. పిట్టకు, దిబ్బకు కూడ చోటు చేయవచ్చును.

రోళ్లపాడు బయలులో బట్టమేక పిట్ట తిరిగి నెలకొనునో లేదో చెప్పజాలము. దేశంలో మిగిలిన ఆ పక్షులు రెండువందలకు లోపేనని అంచనా. అవి ముఖ్యంగా రాజస్థానపు ఎడారి అంచున ఉన్నవి. అక్కడ కృత్రిమంగా పొదిగించి పిల్లలను పెంచుచున్నారు. ఆ పిల్లలను ఒకనాడు దక్షిణాపథానికి తెచ్చినను, వానికి కావలసినది పంజరమంత రక్షిత స్థలము కాదు, కొన్ని ఊళ్ల మేర పరచుకొన్న మేతబయలు. ఆ బయలును ఏ శాఖయు ఒంటరిగా సృష్టింపలేదు. మంద గల గ్రామాలు దానిని తమదని తలచినచో నిలుచును. నాలుగువేల ఏండ్లు ఆ గ్రామాలు, వాని పూర్వపు దొడ్లు దానిని నిలిపినవి. దానిని గొడ్డునేలగా లెక్కించుట మొదలై రెండు శతాబ్దాలు కూడ నిండలేదు.